జర్మనీ సారు మెచ్చిన గరగర

ఇది మహాకావ్యం. ఇందులో యుద్ధం ఉంది. ఆకాశంలో క్షిపణులు ఉన్నాయి. పట్టపగలే దీపాలు పెట్టించిన నూనెబావుల మంటల పొగ ఉంది. సినిమా లోకంలో పేరు మోసిన ఒక జర్మన్ కళాకారుడి ఉత్థానపతనాలు ఉన్నాయి. సముద్రానికి అటూ ఇటూ విరహం ఉంది. అన్నిటికీ మించి ఒక ఘోర విపత్తు ఉంది, దానికి ఏకైక కారకుణ్ణి నేను. వీలైతే కాస్త సర్దుకుని కూర్చోండి.

కూర్చున్నారా? ఇక నిజం చెప్తాను. ఇది కిటికీలో పెట్టే ఏసీ కథ. విపత్తు స్క్రూడ్రైవరుతో జరిగింది. అప్పటికి నేను చిన్నవాణ్ణి, లోకం తెలియదు. పోయిన ఏడాది సంగతి.

కోరుట్ల పక్క పల్లె నుంచి ఏసీ మెకానిక్‌గా సౌదీలోని అల్ ఖోబర్ చేరాను నేను. నా భార్య పద్మ కాళ్ల పారాణి ఆరకముందే విమానం ఎక్కాను. రెండేళ్లకు సెలవు అన్నారు. ఆ రెండేళ్ల మధ్యలో ఇరాక్ వాళ్లు కువైట్‌లోకి వచ్చారు. వచ్చేముందు నా సెలవు గురించి ఎవరూ ఆలోచించినట్టు లేదు. సెలవులన్నీ ఆగిపోయాయి. సైరన్ మోగితే మొహానికి గ్యాసు ముసుగు తగిలించుకోవడం, ఆగితే తీసి టీ తాగడం, ఆ చలికాలమంతా ఇదే పని.

క్యాంపులో మా గదికి ముగ్గురం. మెట్‌పల్లి గంగారాం అన్న మేస్త్రీ, వయసులో పెద్ద, వంట కూడా ఆయనదే. పోశెట్టి పైపుల పని చేస్తాడు, నిద్రలో తప్ప నోరు తెరవడు. నాలుగో మనిషి మా ఏసీ. అది పాత బస్సు గేరు మార్చినట్టు మొదలై, సత్తుగిన్నెలో గోళీలు పోసి కుదిపినట్టు సాగి, ముసలాయన దగ్గులాంటి దగ్గు దగ్గి ఆగేది. ఇంట్లో మెకానిక్ ఉండగా ఇదేం ఖర్మ అంటారా? రోజంతా పరాయి ఏసీల కడుపులో చేతులు పెట్టి వచ్చినవాడికి సొంత ఏసీ మొహం చూడబుద్ధి కాదు.

ఆ రోజుల్లో మా ఉత్తరాలన్నీ క్యాసెట్లే. శుక్రవారం స్నానం చేసి, టేపు రికార్డరు ముందు కూర్చుని, ఇంటికి చెప్పాల్సింది చెప్పి, ఊరికి పోయేవాడి చేతికి ఇచ్చేవాళ్లం. ఇంట్లో వాళ్లు విని, దాని మీదే తమ మాటలు రికార్డు చేసి, తిరిగి వచ్చేవాడి చేత పంపేవాళ్లు. అందరూ ఒకే మాటతో మొదలుపెట్టేవాళ్లు: "నేను మంచిగున్న." మా ఊరి మల్లేశం కూడా అలాగే మొదలుపెట్టాడు. అప్పుడతను దమ్మాం ఆసుపత్రిలో కాలికి సిమెంటు కట్టుతో ఉన్నాడు. కర్ర పట్టుకుని ఊళ్లో బస్సు దిగేదాకా ఎవరికీ తెలియదు. ఆ దెబ్బతో మా ఊరి ఆడవాళ్లు మొగుడి మాటలు నమ్మడం మానేసి, మాట వెనకాల ఏం వినిపిస్తుందో వినడం మొదలుపెట్టారు. మల్లేశం క్యాసెట్‌లో మాట వెనకాల ఏమీ లేదట, మంచి ఆసుపత్రి నిశ్శబ్దం. యుద్ధమంతా పద్మ నాకు పంపిన కబురు ఒక్కటే: "నీ మాట మీద నాకు నమ్మకం లేదు. నీ ఏసీ గరగరమంటున్నది గాబట్టి నువ్వు రూముల్నే ఉన్నవని నమ్ముతున్న."

యుద్ధం ముగిశాక, ఉత్తరం వైపు ఆకాశం ఇంకా నల్లగా ఉండగానే, సినిమా హాలే లేని దేశానికి సినిమా సెట్టు వేసే మనిషి వచ్చాడు. పేరు డీటర్, జర్మనీ మనిషి. ధహ్రాన్‌లో ఎవరో నూనె కంపెనీ పెద్దవాళ్లు తమ పాత రోజుల మీద సినిమా తీయించుకుంటున్నారు. తొలినాటి కూలీల గది ఒకటి గోదాములో కట్టాలి, కట్టేది ఆయన. ఆ గోదాములో నా ఉద్యోగం ఏమిటంటే, "క్వయట్!" అని అరవగానే ఏసీ ఆపడం, షాటు అయ్యాక మళ్లీ పెట్టడం. దానికి మెకానిక్ అక్కర్లేదు, వేలు ఉంటే చాలు. మధ్యమధ్య టీ తాగుతూ ఆయన తన జీవితం చెప్పేవాడు. మేం మాట్లాడుకున్నది ఇంగ్లీషులో. నా ఇంగ్లీషును మీ కోసం బాగుచేసి రాస్తున్నాను. బాగుచేయడం నా బలహీనత, ముందు ముందు మీకే తెలుస్తుంది.

"నా చిన్నప్పుడు మా ఊళ్లో సగం ఇళ్లకు గోడలు లేవు, రాజేశం. యుద్ధం తీసుకుపోయింది. పెద్దయ్యాక సినిమాల్లో నాకు దొరికిన మొదటి పని ఏమిటో తెలుసా? కూలిన గోడలు కట్టడం."

"మీ ఊర్లనే తీస్తే అయిపోవు గద సార్?"

"అప్పటికి మా ఊరిని బాగుచేసేశారు."

"ఎవడో మెకానిక్ తొందరపడ్డట్టున్నడు."

ఆయన నవ్వేవాడు. కొత్త చెక్కకు టీ నీళ్లు పూసి పాతదాన్ని చేసేవాడు. మేకులకు ఉప్పునీళ్లు తాగించి తుప్పు పట్టించేవాడు. గదులు కట్టి కట్టి పేరు తెచ్చుకున్నాడు. ఒకసారి ఏదో సినిమాకు వంటగది కట్టాడట. అందరూ చప్పట్లు కొట్టారు. నటి అందులో నాలుగడుగులు నడిచింది. కింద ప్లైవుడ్ టకటకమంది.

"చూడ్డానికి వంటగది. వినడానికి ఖాళీ పెట్టె. ఆ రోజుతో నాకు గోడల మీద నమ్మకం పోయింది."

అప్పటి నుంచి చప్పుళ్లు ఏరుకోవడం మొదలుపెట్టాడు. సినిమాలు కడుపు కోసం, చప్పుళ్లు తన కోసం. వాళ్ల ఊళ్లో చీకటి హాలులో జనాన్ని కూర్చోబెట్టి, ఉత్త చప్పుళ్లతో ఒక వంటగదినో రైలుపెట్టెనో కట్టి వినిపిస్తాడు.

"టికెట్టు ఉంటదా సార్?"

"ఉంటుంది."

"సూడనీకి ఏముండదు?"

"ఏమీ ఉండదు."

"అంటే మీ దేశంల కరెంటు పోయినా పైసలు తీసుకుంటరన్నట్టు."

ఈసారి ఆయనకు కావలసింది, ఇంటికి దూరంగా ఉన్న మగవాళ్ల గది. హాలు కూడా సిద్ధంగా ఉందట, గదే దొరకలేదు. ఆ మాట అన్న వారమే, శుక్రవారం నాడు, గంగారాం అన్న వండిన కోడికూర తినడానికి సారు మా గదికి వచ్చాడు. గుమ్మంలో చెప్పులు విప్పుతూ ఆగిపోయాడు. ఏసీ వైపు తిరిగి, గుళ్లో నిలబడ్డట్టు నిలబడ్డాడు.

"అద్భుతం," అన్నాడు. "వచ్చే శుక్రవారం రికార్డింగు మిషను తెస్తాను. నా కోసం ఏమీ చేయొద్దు. దేన్నీ మార్చొద్దు."

ఇక్కడ ఆగి నా తెలివి చూడండి. గోదాములో రోజంతా ఏసీ చప్పుడు వినబడితే అరిచే మనిషి, మా ఏసీని అద్భుతమంటే అది ఎత్తిపొడుపు కాక ఏమవుతుంది? ఇక "ఏమీ చేయొద్దు" సంగతి. మా దిక్కు చుట్టం "ఏం చేయకుండ్రి" అన్నాడంటే కోడి కోయమని అర్థం. "నేను తినే వచ్చిన" అంటే రెండో కోడి కోయాలి. "దేన్నీ మార్చొద్దు" అని కూడా అన్నాడంటే ఇల్లంతా సున్నం వేయాల్సిందే.

వేశాను. గురువారం సెలవు పెట్టి ఏసీని విప్పాను. ఫ్యాను బేరింగు మార్చాను. కింద రబ్బరు పెట్టాను. వదులైన మరలన్నీ బిగించాను. చేతికి ఊపు వచ్చాక ఆగలేదు. తలుపు కీళ్లకు నూనె, కుళాయికి కొత్త వాషరు. స్విచ్చి వేస్తే ఏసీ నడుస్తోందో లేదో చేయి పెట్టి చూసుకోవాల్సి వచ్చింది. పోశెట్టి "అబ్బ" అన్నాడు, అది ఆ నెలలో అతని ఉపన్యాసం. ఆ ఊపులోనే, పక్క గది మనిషి ఊరికి పోతున్నాడని పద్మకు క్యాసెట్ కూడా నింపేశాను. ఎండలు ముదురుతున్నాయి, గంగారాం అన్నకు మోకాళ్ల నొప్పులు, నేను మంచిగున్న. ఎందుకో ఆసారి మాటలు త్వరగా అయిపోయాయి.

శుక్రవారం జర్మనీ సారు వచ్చాడు. భుజానికి మిషను, చెవులకు డొప్పలు, చేతిలో బొచ్చుతొడిగిన మైకు. మా మంచం మీద కూర్చుని కళ్లు మూసుకున్నాడు. కాసేపటికి తెరిచాడు.

"ఏసీ పెట్టు."

"పెట్టే ఉన్నది సార్."

లేచి దాని మీద చేయి పెట్టాడు. చల్లగాలి వస్తోంది. నావైపు తిరిగాడు.

"ఏం చేశావు?"

"సర్వీసింగ్ సార్!" అన్నాను, ఛాతీ ఎంత దూరం వస్తే అంత దూరం ముందుకు తెచ్చి.

ఆయన తలుపు తీసి వేశాడు. చప్పుడు లేదు. కుళాయి వైపు చూశాడు. చుక్క లేదు. చివరి ఆశతో మంచం మీద అటూ ఇటూ కదిలాడు.

"దీనికి కూడానా?"

"దానికీ నూనె రాసిన సార్."

డొప్పలు తీసి ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. గంగారాం అన్న గరిటెతో వచ్చాడు.

"ఏమాయెరా? పీనుగు లేచిన ఇంట్ల కూసున్నట్టు కూసున్నడు."

"ఏసీ మంచిగ చేసిన్నని బాధపడుతున్నడే అన్నా."

"గీ దేశంకు వచ్చి నా ఎంటికెలు తెల్లగైనయి. ఏసీ మంచిగైందని ఏడ్చినోన్ని సూడలే."

విపత్తు అంతటితో ముగిసి ఉంటే బాగుండేది. అది ఒక జర్మన్ కళకు సంబంధించిన నష్టం, మనకేం పోయింది? అసలు సంగతి, నా క్యాసెట్ ఊరు చేరాక మొదలైంది.

ఒకరోజు పనిమీద ఉండగా ఫోర్‌మన్ ఖాన్ సాబ్ పిలిచాడు. పెషావర్ మనిషి, మీసం మీద నిమ్మకాయ నిలుస్తుంది. చేతిలో టెలిగ్రాం ఉంది.

"రాజేశం, తూ జిందా హై క్యా?"

"అభీ తక్ తో హూఁ, ఖాన్ సాబ్."

"పక్కా?"

సంగతేమిటంటే, నా క్యాసెట్ విని పద్మ అన్నం మానేసింది. మాట వెనకాల ఏసీ లేదు. అంటే గది లేదు. అంటే ఆసుపత్రి. మా మామ కోరుట్లలో ఏజెంటు మెడ మీద కూర్చుని కంపెనీకి టెలిగ్రాం కొట్టించాడు: అల్లుడు బతికి ఉన్నాడో లేడో తెలపండి, ఉంటే పూర్తిగా ఎగ్జిట్ కొట్టి పంపేయండి. ఎగ్జిట్ అంటే ఉద్యోగం ఖతం, మళ్లీ వచ్చేది లేదు. ఆగిపోయిన సెలవులు అప్పుడప్పుడే కదులుతున్నాయి, మేం ముదీర్ అని పిలిచే మేనేజరు బల్ల మీదికి నా పేరు వచ్చింది. సెలవుకి బదులు ఎగ్జిట్ పడిందంటే పెళ్లికి చేసిన అప్పు, నేను, ఇద్దరం ఊళ్లోనే ఉంటాం.

పరుగున ఖోబర్‌లో ఫోన్ క్యాబిన్‌కి వెళ్లాను. కోరుట్ల ఎస్టీడీ బూత్‌కు ముందుగా కబురు పెట్టించి, పద్మను రప్పించి మాట్లాడాను.

"పద్మా, నేనే."

"ఏ దవాఖానల ఉన్నవ్?"

"దవాఖాన లేదు, ఏం లేదు. నేను మంచిగున్న."

"మల్లేశం బావ గూడ గట్లనే అన్నడు. కాలు ఇరిగిందా, చెయ్యి ఇరిగిందా?"

"ఏం ఇరగలే. ఏసీ బాగుచేసిన."

"ఎందుకు?"

"జర్మనీ సారు వస్తడని."

"ఆయన ఎవలు?"

"సప్పుళ్లు ఏరుకునేటోడు."

పద్మ గొంతు తగ్గించి అడిగింది: "నీకు మత్తుమందు గిట్ల ఇచ్చిండ్రా?"

చివరికి ఒక ఒప్పందానికి వచ్చింది. గది చప్పుడు వినిపిస్తే నమ్ముతుంది, వాళ్ల నాన్నను ఆపుతుంది. లేదంటే లేదు.

తిరిగొచ్చి బిగించిన మరలన్నీ వదులు చేశాను. ఏసీ గరగరమనలేదు, కీచుమంది. పాత బేరింగు చెత్తబండిలో ఎప్పుడో పోయింది. పాత క్యాసెట్లా? వాటి మీద ఇంట్లో వాళ్లు రికార్డు చేసేశారు. ఇక దిక్కులేక జర్మనీ సారు కాళ్ల దగ్గరికే వెళ్లాను. ఆయన అంతా విని, చేతులు రుద్దుకున్నాడు.

"లేనిదాన్ని ఉన్నట్టు చేయడమే కదా నా వృత్తి? ఒక్కసారి విన్నాను, చాలు."

ఆ శుక్రవారం మా గది స్టూడియో అయింది. ఖాళీ పెప్సీ డబ్బాలో కంకర పోశాడు. ఫ్యాను రెక్కకు అట్టముక్క తగిలించాడు. దువ్వెన మీద బ్రష్షు గీకించాడు.

"పోశెట్టి, నువ్వు కంప్రెసర్. గంగారాం, దగ్గు నీది."

"నాకు దగ్గు లేదు గద సారూ."

"నటించు."

గంగారాం అన్న దగ్గాడు. "ఇంకొంచెం ఇనుము కలపాలి," అన్నాడు సారు. అన్న ఇనుము కలిపాడు. ముగ్గురూ కలిసి ఏసీ అయ్యారు. నేను టేపు రికార్డరు ముందు కూర్చుని, "పద్మా, ఇను, గిదే మన ఏసీ. నేను మంచిగున్న," అన్నాను. విని చూస్తే నాకే ఒళ్లు చల్లబడింది. జర్మనీలో ఎన్ని సినిమాలు చేశానో, ఇంత బాగా ఏదీ కుదరలేదన్నాడు సారు.

జవాబు క్యాసెట్ వచ్చిన రోజు, పరీక్ష ఫలితాలకు కూర్చున్నట్టు నలుగురం కూర్చున్నాం. పద్మ గొంతు వచ్చింది.

"సప్పుడు ఇన్న. అచ్చం గట్లనే ఉన్నది. అత్తమ్మ గదే గదే అన్నది. మా నాయిన గూడ నమ్మిండు, ఇగ ఎగ్జిట్ మాట ఎత్తడు."

నేను అనువాదం చేయగానే సారు రెండు చేతులూ పైకెత్తాడు. గంగారాం అన్న నాటకాల్లో చేరాల్సిందని గొణిగాడు. టేపు ఇంకా తిరుగుతోంది.

"కని నేను నమ్మలే. ఎనుకట ఏసీ సప్పుడు పెద్దగైనప్పుడల్ల నువ్వు దాని కింద ఒక మాట అంటుంటివి. రీలు ఎనుకకు తిప్పుకుంట, డబ్బాకు చెవి ఆనిచ్చి ఇనేదాన్ని. ఇప్పుడు సప్పుడున్నది. దాని కింద మాట లేదు. నీకు పానం బాగలేకుంటె చెప్పు. బాగుండి గూడ ఆ మాట అంటలేవంటే... గది గూడ చెప్పు."

టేపు ఆగింది. తర్వాత గంగారాం అన్న ఇటు తిరిగాడు.

"ఏం మాటరా?"

"ఏం లేదే."

"రెండేండ్ల సంది మా ముంగటనే అన్నవట?"

సారు కూడా అనువాదం విని అదే అడిగాడు. "ఆ మాట ఏమిటి?" రెండు దేశాలు, ఒకటే ప్రశ్న.

పాఠకులకైతే చెప్పక తప్పదు. ముగ్గురు మగవాళ్లున్న గదిలో పెళ్లానికి ఏం చెప్పుకుంటారు? ఎండలు, మోకాళ్లు, ఉల్లిగడ్డలు. అందుకని నేను ఎండల గురించి చెప్తూ చెప్తూ, ఏసీ గేరు మార్చి గరగరలాడగానే మైకుకు మూతి ఆనించి ఒక్క మాట గబుక్కున అనేసి, మళ్లీ ఎండల్లోకి వచ్చేవాణ్ణి. ఆ గరగరను నా చేతులతో నేనే బాగుచేసుకున్నాను. ఇంత మంచి మెకానిక్‌ను మీరు చూసి ఉండరు.

"గా మాట ఇప్పుడను," అన్నాడు గంగారాం అన్న.

"మీరుండంగ ఎట్లంట?"

"బయట కొలిమి లెక్కున్నది, ఏడికి పోతం? మేం ఇనం. సప్పుడు చేస్తం, నువ్వు కింద అనుకో."

అన్న కుక్కరు మూత అందుకున్నాడు. పోశెట్టి రెండు కంచాలు తీసుకున్నాడు. సారు మిషను ఆన్ చేసి కింద పెట్టి, ఇనుప బీరువా మీద అరచేతులతో మొదలుపెట్టాడు. ముగ్గురూ గోడవైపు తిరిగారు, మర్యాదస్తులు. నేను మూతి ఆనించి మాట అన్నాను. నాకే వినిపించలేదు. సారు మిషను ముల్లు చూసి, ఇంకా పైకి అని చేయి ఊపాడు. పెంచాను. వాళ్లూ పెంచారు. నేను ఇంకా పెంచాను. పోశెట్టిలో ఇంత కసి ఉందని అప్పుడే తెలిసింది. చివరికి కళ్లు మూసుకుని, గొంతు చించుకుని అరుస్తుండగా తలుపు దడాలున తెరుచుకుంది. ఖాన్ సాబ్. వెనకాల క్యాంపు మొత్తం, కొందరు మొహానికి ముసుగులతో. మళ్లీ సైరన్ మోగిందనుకున్నారు పాపం.

మూత ఆగింది. కంచాలు ఆగాయి. బీరువా ఆగింది. ఆగనివాణ్ణి నేనొక్కణ్ణే.

"...యాదికొస్తున్నవే పద్మా! నువ్వు లేక నాకేం మంచిగ లేదు!"

ఆ నిశ్శబ్దంలో మా ఏసీ ఎంత బాగా పనిచేస్తోందో అందరికీ తెలిసింది.

"క్యా బోలా?" అన్నాడు ఖాన్ సాబ్. ఎవరో ఉర్దూలో చెప్పారు. ఆయన ముసుగు తీసి చంకలో పెట్టుకున్నాడు, మీసం సవరించుకున్నాడు.

"ఔర్ కోయీ ఖాలీ క్యాసెట్ హై?" అని తనకూ ఒక ఖాళీ క్యాసెట్ అడిగాడు.

ఆ తర్వాత చాలాకాలం క్యాంపులో నా పేరు రాజేశం కాదు, పద్మ. బంగ్లాదేశ్ వంటవాడు కూడా పప్పు వడ్డిస్తూ "పద్మా భాయ్" అనేవాడు. ఖల్లీవల్లీ, పోనిద్దురూ అనుకున్నాను. జర్మనీ సారు ఆ చప్పుడంతా తన దేశం పట్టుకుపోయాడు. కంపెనీకి ఒకసారి ఫోన్ చేసినప్పుడు చెప్పాడు, వాళ్లు చీకట్లో కూర్చుని కుక్కరు మూత వింటున్నారట, చివర్లో అరిచేది ఎవరని అడుగుతున్నారట.

"ఏమని చెప్పిన్రు సార్?"

"ఏసీ మెకానిక్ అని చెప్పాను. ఎవరూ నమ్మలేదు."

పద్మ జవాబు క్యాసెట్‌లో ఏముందో మీకు చెప్పను. గంగారాం అన్నకే చెప్పలేదు. సెలవు దొరికింది. ఇది ఇంటి అరుగు మీద కూర్చుని రాస్తున్నాను. వచ్చిన కొత్తలో నేను ఏం మాట్లాడినా పద్మ తల వంచి, చెవి ఇటు పెట్టి వినేది. ఏమైందని అడిగితే, "ఇంత నిమ్మళంగ ఇనవడుతుంటె పరాయోడు మాట్లాడినట్టున్నది," అంది. అందుకని ముఖ్యమైన మాటలు కొన్ని పిండి పట్టే గిర్ని చప్పుడులో చెప్పాల్సి వచ్చింది.

కాబట్టి, నా స్క్రూడ్రైవరు మీద చేయి వేసి ప్రమాణం చేస్తున్నాను. ఇక ముందు చుట్టం ఏమీ చేయొద్దంటే ఏమీ చేయను. గరగరమనేదాన్ని గరగరమననిస్తాను. ఒకరు అడగందే ఏ మరా బిగించను, ఏ కీలుకూ నూనె రాయను. ఈ మాట తప్పితే సౌదీలో నన్ను ఉండనిచ్చే ఇకామా కాగితం ఎడారి గాలికి కొట్టుకుపోవుగాక.

రేపు మళ్లీ ఖోబర్ ప్రయాణం. బొంబాయి బస్సు కోరుట్ల నుంచి మధ్యాహ్నం బయలుదేరుతుంది. ముందు సీట్లు కావాలంటే ఒకరోజు ముందే చెప్పుకోవాలి. వెనక సీట్లలో కుదుపు ఎక్కువ, గరగర కూడా. నాకు అదే చాలు.